తెల్ల అట్ట

ఫ్రిజ్జు డబ్బాల వచ్చే థర్మాకోల్ అట్ట నా చేతిల.
పొద్దు ఆ అట్టకు తగిలి
ఆడెపు అనసవ్వ మొఖం మీదికి పోవాలె.
గంతే నా పని. రోజుకు నూట యాభై, రెండు పూటల బువ్వ.
సినిమా అంటే భుజం గుంజుడని
పందొమ్మిదేండ్లకే ఎరుకైంది నాకు.

కొత్తవాడల మూడో గల్లి, గుంట మగ్గం,
జంపఖానాల మీద డాక్యుమెంటరీ.
"మేము లేనట్టే నెయ్యవ్వా" అన్నడు డైరెక్టర్.
ఆమె నాడె ఆపింది.
"మీరు లేనట్టు నేసుడు నలభై ఏండ్ల సంది వస్తది బిడ్డా,
మీరున్నట్టు ఎట్ల నెయ్యాల్నో అది చెప్పు."
ఆ మాట సినిమాల లేదు.
సౌండు పిలగాడు నవ్వినందుకు పాడైంది.

అటెనుక పిలుపులు మొదలైనయి.
కాజీపేట స్టేషన్ల రైలు తప్పిన ముసలామె,
కోర్టు మెట్ల మీద కాయితాల సంచి పట్టుకున్న ముసలామె,
ఎనుమాముల మార్కెట్ల పత్తి బస్తా మీద కూసున్న ముసలామె.
ఆడ మాట లేదు, ఒట్టి దగ్గు.
ఆ దగ్గుకు ఆరు టేకులు.
ఆరోది నిజం దగ్గు.

మొత్తం పద్నాలుగు. పైసలిచ్చినవి ఐదు.
ఒకడు స్టీలు క్యారియరిచ్చిండు,
ఒకడు కాళ్లు మొక్కి పోయిండు.

పరకాల దిక్కు ఒక ఊర్ల, కొడుకు సచ్చిన తల్లి ఏషం.
గ్లిజరిన్ సీసా పట్టుకొచ్చిండ్రు.
"పిలగాని పేరేంది?" అన్నది.
స్క్రిప్టు తిరగేసిండ్రు, ముందటికి, ఎనుకకు.
కొడుకు అనే ఉంది.
"పేరు లేనోనికి ఎట్ల ఏడుస్తరయ్యా?"
ఒకల మొఖం ఒకలు చూసుకున్నరు.
జర సేపాగి తనే పెట్టుకున్నది. సాంబయ్య.
సీసా మూత తియ్యలే.
"ఓ సాంబిగా, సద్ది తినకుండ పోతివి కదరా"
అని షురూ జేసి, కట్ అన్నంక గూడ ఆగలే.
నా చేతిల అట్ట వణికింది,
వెలుగు ఆమె గదుమ కాడ ఊగులాడింది.
ఆ ఊగుడు కెమెరామెన్ పనితనమని
ఎవరో పేపర్ల మెచ్చుకున్నరు.

తిరుగు బండ్ల, ములుగు రోడ్డు కాడ దిగేముందు
"ఇంటర్ దాంక సదివిండనుకున్న వాన్ని" అన్నది మెల్లగ.
ఎవరినని నేను అడగలే.

ఆ సినిమా ఏదో చలిదేశం పోయొచ్చింది.
పేర్ల కాడ, తల్లి: అనసూర్య.
ఇంకోదాంట్ల అనసూయాదేవి, ఇంకోదాంట్ల తదితరులు.
చదివి ఇనిపిస్తే
"పోగు తప్పింది" అన్నది, ఇంకేమనలే.

నిరుడు హన్మకొండల ఒక బడి హాల్ల చూపెట్టిండ్రు.
కుర్చీలు సాలక కింద జంపఖానాలు పరిచిండ్రు.
ముందట కుర్చీ ఏస్తే వద్దన్నది,
నా పక్కకొచ్చి కింద కూలవడ్డది.
తెర మీద ఆమె ఏడుస్తున్నది, హాలంత ఊపిరి బిగబట్టింది.
ఈమె చెయ్యి చీకట్ల నేల తడుముతున్నది.
ఎర్ర పట్టీ, నల్ల పట్టీ, కొసకు జోడు ముడి.
"ఇది నాదే" అన్నది.
సినిమా సంగతనుకొని తలూపిన.
"ఎవడు ఉతికిండో, నూలు పానం పోయింది.
సబ్బుల నానబెట్టద్దని చెప్పు వీళ్లకు."

దీపాలు వెలిగినయి. సప్పట్లు.
స్టేజీ మీదికి పిలిచిండ్రు,
ఈసారి పేరు సక్కగనే పిలిచిండ్రు.
మంది లేసే ఆత్రంల జంపఖానా అంచు మడత పడ్డది.
ఆమె వంగి ఆ మడత సరిజేస్తున్నది.
రెండోసారి పిలిచిండ్రు. ఇంకా సరిజేస్తున్నది.

ఇప్పుడు నాది జిరాక్సు దుకాణం, బస్టాండు ఎదురుంగ.
అద్దం కింద తెల్ల వెలుగు
అటు నుంచి ఇటు పోయినప్పుడల్ల భుజం గుంజుతది,
జర ఎడమకు తిప్పాలె అనిపిస్తది.
ఆమె తల ఎప్పుడు ఎడమ చెవి ముందట పెట్టేది.
కుడి చెవిని పక్కింటి పవర్‌లూం తిన్నది.